కూర్పరి ధర్మము: మార్గరీత్ రెన్వార్ చిత్రకృషి

ఒక కావ్యమును చదివి ముగించినంతనే దానికి కర్త యెవ్వరని యడుగుట మనకు వాడుక. చలనచిత్రము విషయమున ఈ ప్రశ్నకు సమాధానము చెప్పుట అంత సులభము కాదు. కథ నొకరు వ్రాయుదురు, నటీనటు లభినయింతురు, ఛాయాగ్రాహకుడు దానిని ఫిలిముమీద కెక్కించును, వీరందఱిని నడుపువాడు దర్శకుడు. లోకము తన సౌకర్యము కొఱకు ఆ యొక్కని పేరే చెప్పుకొని తక్కినవారిని మఱచిపోవును. అట్లు మఱవబడువారిలో మొదటి వరుసలో నిలువవలసిన వ్యక్తి కూర్పరి. తెరమీద నటుని ముఖము కనబడును. గాయకుని కంఠము వినబడును. కూర్పరి పని మాత్రము ఎంత చక్కగా చేసిన అంతగా కంటికి కనబడకుండ పోవును. కనబడని పనికి కీర్తి రాదు. ఆ పని చేయునది స్త్రీయై, ఆమె పేరు సైతము మఱియొకరి పేరి నీడలో నుండినచో, ఇక చెప్పవలసిన దేమున్నది?

అట్టి యొక స్త్రీ కృషిని విమర్శించి చూచుటయే ఈ వ్యాసమునకు ప్రయోజనము. ఆమె పేరు మార్గరీత్ రెన్వార్. ఫ్రాన్సు దేశమున 1906వ సంవత్సరమున జన్మించి 1987లో కాలధర్మము నొందినది. పుట్టినింటి పేరు ఊలే. 1931 మొదలు 1939 వఱకు జాఁ రెన్వార్ అను సుప్రసిద్ధ దర్శకుడు తీసిన ముఖ్యచిత్రములలో పెక్కింటికి కూర్పు చేసినది ఈమెయే. యుద్ధకాలము మొదలు 1960 వఱకు జాక్ బెకర్ అను మఱియొక గొప్ప దర్శకుని చిత్రములు పెక్కింటికిని ఈమెయే కూర్పరి. జాఁ రెన్వార్ పేరు మన దేశమునకు క్రొత్తది కాదు. చిత్రకారుడైన ఆగుస్త్ రెన్వార్ కుమారు డితడు. 1951లో వెలువడిన 'ది రివర్' అను చిత్రమును వంగదేశమునకు వచ్చి తీసినవాడు. సత్యజిత్ రాయ్ యువకుడుగా నున్నపుడు కలకత్తాలో నితనిని కలిసి పరిచయము సంపాదించుకొనెను. కాని ఆ చిత్రమునాటికి మార్గరీత్ అతని గదిలో లేదు. అతని పేరు మాత్రము ఆమెకడనే నిలిచియున్నది. ఈ విచిత్రమును గూర్చి ముందు చెప్పుదుము.

ముందుగా కూర్పు అన నేమో స్పష్టము చేసికొనవలెను. మన తెలుగు చిత్రముల పేర్లపట్టికలలో ఈ పనికి 'కూర్పు' అను మాట వాడబడుచు వచ్చినది. మాట చక్కనిది. దర్శకుడు ఒక సంఘటనను ఒక్కమాఱు మాత్రమే తీయడు. దూరమునుండి యొకసారి, దగ్గఱనుండి యొకసారి, నటుడు తడబడెనని మరల నొకసారి, మబ్బు పట్టెనని ఇంకొకసారి తీయును. కథలో చివర వచ్చునది మొదటి దినముననే తీయబడవచ్చును. ఇట్లు పోగైన ఫిలిము, తుదకు మనము చూచు చిత్రమునకు ఎన్నియో రెట్లుండును. అది యంతయు కూర్పరి బల్లమీదికి వచ్చును. శబ్దచిత్రమున ఒక్క సెకనునకు 24 బొమ్మలు నడచును. ఆఱు బొమ్మలు ముందు కోసిన నవ్వు పుట్టదు. ఆఱు బొమ్మలు తరువాత కోసిన నవ్వు చల్లారిపోవును. ఆ పావుసెకను మర్మ మెఱిగి, ఏది యుంచవలెనో, ఏది పాఱవేయవలెనో, దేని ప్రక్క దేనిని నిలుపవలెనో నిర్ణయించుటయే కూర్పు.

దీనిని కేవలము చేతిపని యనువారు కలరు. వారి నొకమాట యడుగవలసియున్నది. కవి వాడు పదములు నిఘంటువులోనివే కదా. ఆ పదములను ఏర్చి కూర్చుటచేతనే గదా అతడు కవి యగుచున్నాడు? ఔచిత్యమే కావ్యమునకు జీవితమని క్షేమేంద్రుడు సిద్ధాంతము చేసెను. ఎచ్చట నేది తగునో యెఱుగుటయే ఔచిత్యము. ఆ దృష్టితో చూచినచో కత్తెర పట్టిన కూర్పరికిని, గంటము పట్టిన కవికిని ధర్మ మొక్కటియే.

అయినను ఫ్రాన్సులో చిరకాలము ఈ పని స్త్రీలకు విడువబడుటకు కారణము దానియందలి గౌరవము కాదు. నిశ్శబ్దచిత్రముల కాలముననే పాతే కంపెనీ కార్మికశాలలలో ఫిలిముబొమ్మలకు రంగులు దిద్దుటకు స్త్రీలను పెట్టుకొనెడివారు. కోయుట, అతుకుట, వరుసలు సరిచూచుట అనునవి కుట్టుపని వంటివనియు, ఓర్పును నేర్పును గల వ్రేళ్లున్న చాలుననియు నాటి యజమానుల తలంపు. ఈ తలంపు మన యిండ్లలో నున్నవారికి తెలియనిది కాదు. వంట కుదిరిననాడు ఇంటిలో నెవ్వరును మాటాడరు. ఉప్పు తక్కువైననాడే వండినవారు జ్ఞాపకము వత్తురు. చేసిన పని కనబడకుండుటయే దాని శ్రేష్ఠతకు గుర్తైనచోట, ఆ పనిని అల్పమని యనుట మిక్కిలి సులువు.

ఇచ్చట న్యాయమైన ఆక్షేప మొకటి కలదు. దర్శకుడును కూర్పరియు ఒకే గదిలో కూర్చుండి పనిచేసినపుడు, ఇది యీమె తెలివి, అది యాతని తెలివి అని వేఱుచేయుట ఎట్లు? అభిమానముచేత ఉన్నదానికంటె ఎక్కువ ఈమెకు కట్టబెట్టుచున్నారా? ఈ ఆక్షేపమును త్రోసివేయరాదు. కావున మేము మూడు పరీక్షలు పెట్టి చూడదలచితిమి. దర్శకుడు లేనిచోట కూర్పు ఎట్లు నిలిచినది? దర్శకుడు ఉన్నచోట, అతని స్వభావమునకు ఎదురుగా నడువవలసివచ్చినపుడు కూర్పు ఏమి సాధించినది? దర్శకుడు మాఱినపుడు కూర్పరి గుణము మాఱినదా, నిలిచినదా?

మొదటి పరీక్షకు 'పార్తీ ద కంపాన్య్' అను చిన్నచిత్రము సాక్షి. 'పల్లెవిహారము' అని దానిని మనము పిలుచుకొనవచ్చును. మొపాసా వ్రాసిన కథ దీనికి మూలము. పారిస్ నగరపు దుకాణదారుడొకడు ఆదివారమునాడు కుటుంబముతో నదీతీరమునకు విహారము వచ్చును. అతని కూతురు ఆంరియెత్ అచ్చట పరిచయమైన యువకునితో ఒక్క మధ్యాహ్నము ప్రేమను చవిచూచి, తరువాత తన కిష్టము లేని వివాహములో జీవితమును గడపును. 1936 వేసవిలో లువాఁ నదీప్రాంతమున చిత్రము తీయనారంభించిరి. ఎండలో తీయవలెనని తలచిన కథకు వాన లడ్డువచ్చినవి. వాననే కథలో చేర్చుకొనుటకు రెన్వార్ పూనుకొనెను. కాని కాలము మించిపోవుటచే పని నడుమనే విడిచి మఱియొక చిత్రమునకు వెడలిపోయెను. పారిస్ దుకాణములో జరుగవలసిన భాగములు తీయబడనేలేదు. యుద్ధము వచ్చెను. 1940 చివర రెన్వార్ అమెరికా చేరెను. మార్గరీత్ చేసియుంచిన తొలికూర్పు ప్రతి జర్మనుల ఆక్రమణకాలమున నశించినది; నెగటివు మాత్రము మిగిలినది. యుద్ధము ముగిసిన పిదప నిర్మాతయైన పియర్ బ్రాన్‌బెర్జే కోరికపై ఆమె మరల మొదటినుండి కూర్పునకు కూర్చుండెను. దర్శకుడు సముద్రముల కావల నున్నాడు. చిత్రము 1946లో వెలువడెను. దాని నిడివి ఇంచుమించు 40 నిమిషములు. ఈ చిత్రములోనే ఆమె పూటకూటింటి పనిపిల్లగా నటించియున్నది కూడ.

తీయని భాగములున్న చిత్రమును పూర్తిచేయుటకు మార్గములు కొన్ని కలవు. క్రొత్తగా తీయించి అతుకవచ్చును. వ్యాఖ్యాత కంఠముతో కథనంతయు చెప్పించవచ్చును. ఇవేవియు జరుగలేదు. ఉన్నది ఉన్నట్లుగా, దర్శకుని పద్ధతికి భంగము రాకుండ ప్రదర్శించుచున్నామని చిత్రారంభముననే వ్రాతగా తెలిపి, లోపించినచోట వ్రాతపలకలు రెండు మాత్రము చేర్చిరి. ఈ నిగ్రహమే మొదటి గొప్పతనము. రెండవది ఆ దీవిలోని ఘట్టము. ఆంరియెత్ యువకుని కౌగిలిలో లొంగిన క్షణమున ఆమె ముఖము తెరనంతయు నిండును; కంట నీరు నిలిచియుండును. వెంటనే మనుష్యులు మాయమగుదురు. గాలికి వంగిన రెల్లు, క్రమ్ముకొనుచున్న మబ్బులు, నదీజలముపై వాన, ఆ నీటిమీదుగా వెనుకకు వెనుకకు జరిగిపోవు చూపు. తరువాత సంవత్సరములు గడచిన వన్న వ్రాత. ఒక స్త్రీ జీవితమున జరిగిన నష్టమంతయు ఆ వాన ఖండములలో నున్నది. ఏడ్పు లేదు, నింద లేదు. ఆ వానను తీసినవాడు రెన్వార్ అనుట నిజమే. అది ఎంతసేపు కురియవలెనో, ఏ ముఖము తరువాత కురియవలెనో తుదిగా నిలిపిన చేయి మార్గరీత్‌ది.

ఈ చిత్రము కొఱకు తీసిన ముడి ఫిలిము ఫ్రెంచి సినిమాతెక్ భాండాగారమున భద్రపఱుపబడినది. దానినుండి ఆలాఁ ఫ్లైషర్ అను నాతడు 1994లో ఒక చిత్రము కూర్చెను. ఒకే మాటను నటులు మరల మరల చెప్పుట, దర్శకుడు ఆపుట, మరల మొదలిడుట అందులో కాననగును. ఎన్ని ప్రతులనుండి ఒక్కటి ఏర్పడినదో చూచినవారు కూర్పును చేతిపని యని మరల ననజాలరు. చిత్రమునకు దోషమే లేదని మేము చెప్పము. సంవత్సరములు గడచినవని చెప్పు వ్రాతపలక కొంత మోటుగా తోచును; ఆంరియెత్ పెండ్లి మనకు అతి త్వరితముగ వార్తవలె అందును. కాని లేనిదానిని ఉన్నట్లు భ్రమింపజేయుటకంటె, లోపమును లోపముగా నొప్పుకొనుట మేలు.

రెండవ పరీక్ష 'లా రేగ్ల్ ద్యు జ్యూ', అనగా 'ఆట నియమము'. 1939 జూలైలో పారిస్‌లో ప్రదర్శింపబడిన ఈ చిత్రము యుద్ధమునకు ముందటి ధనికవర్గపు డొల్లతనమును చూపినది. రెన్వార్ సహజముగా నిడుపైన ఖండముల దర్శకుడు. కెమేరాను గదినుండి గదికి నడిపించుచు, ముందు నొకరు, వెనుక నొకరు, ద్వారమునకు ఆవల ఇంకొకరు మెలగుచుండగా ఖండమును తెగనీయడు. ఇట్టి దర్శకుని చిత్రమున కత్తెరకు పని తక్కువ యని కొందఱందురు. ఆ చిత్రములోనే వేటఘట్టమును చూడుడు. నాలుగు నిమిషములకు మించని కాలములో యాబదికి పైగా ఖండములు. పొదలను కొట్టుచు వచ్చు మనుష్యులు, పరుగిడు కుందేళ్లు, ఎగురు పక్షులు, తుపాకి, పాటు, మరల తుపాకి, మరల పాటు. తుద కొక కుందేలు నేలబడి కాళ్లు ముడుచుకొని ప్రాణము విడుచును. అంతవఱకు నెమ్మదిగా మాటలాడుకొనుచుండిన సభ్యసమాజము ఒక్కసారి తన క్రౌర్యమును బయలుపెట్టినట్లగును. చిత్రాంతమున వైమానికుడైన జ్యూర్యూ తుపాకి దెబ్బకు కూలినపుడు ఆ కుందేలు మన మనస్సున మెదలును. తక్కిన చిత్రమంతయు నిడుపుగా సాగినందుననే ఈ తునకలు మనలను గాయపఱచును. ఎచ్చట ఓర్చుకొనవలెనో, ఎచ్చట తెగవేయవలెనో తెలిసిన వివేక మిది.

కత్తెరకు వివేకము లేకున్న నేమగునో కూడ ఈ చిత్రమే చెప్పును. తొలి ప్రదర్శనమున ప్రేక్షకులు అల్లరి చేసిరి. వారిని శాంతింపజేయుటకై చిత్రమును మరల మరల కుదించిరి. 85 నిమిషముల కది క్షీణించెను. ఆ సంవత్సరము శరత్కాలమున ప్రభుత్వము దానిని నిషేధించెను. యుద్ధమున బాంబుపాటు వలన మూల నెగటివు నశించెను. దొరికిన ముక్కల నన్నిటిని చేర్చి, జాఁ గబోరీత్, జాక్ ద్యురాఁ అను నిద్దఱు రెన్వార్ అంగీకారముతో 1959లో 106 నిమిషముల చిత్రమును పునరుద్ధరించిరి. నేడు ప్రపంచమున అత్యుత్తమ చిత్రములలో దాని నొకటిగా నెంచుచున్నారు. కథ మాఱలేదు, నటులు మాఱలేదు, మాఱినది కూర్పు. కూర్పు అల్పమైనదనువారికి ఇంతకంటె వేఱు సమాధాన మక్కఱలేదు.

మూడవ పరీక్ష బెకర్ చిత్రములు. జాక్ బెకర్ 1930ల దశకమున రెన్వార్‌కు సహాయకుడు. కావున గురువు గుణమే శిష్యునికి సంక్రమించినదని యనవచ్చును. కాని వారి స్వభావములు భిన్నములు. రెన్వార్ విశృంఖలుడు, బెకర్ చిన్నచిన్న చేష్టలను ఓపికతో పరిశీలించువాడు. ఇద్దఱికిని తగిన కూర్పు ఒకే చేతినుండి వచ్చినది. 1952లో వెలువడిన 'కాస్క్ దోర్' చిత్రము కడపటి ఘట్టమును తీసికొనుడు. తన ప్రియునికి మరణశిక్ష విధించుటను మరీ యను స్త్రీ ఎదుటి మేడ కిటికీనుండి చూచును. ఘాతుకయంత్రము క్రిందికి దిగునపుడు ఆమె తల వాలిపోవును. ఆ వెంటనే ఆ ప్రేమికు లిరువురు తొల్లి నాట్యమాడినట్లే, శూన్యమైన ప్రాంగణమున తిరుగుచు తిరుగుచు దూరమగుదురు. మరణమును చూపలేదు, మరణము హరింపలేనిదానిని చూపిరి. 1931 నాటి 'లా షియెన్' చిత్రముననే హత్యాసమయమున కెమేరా గదిని విడిచి, వీథిలో గాయకుల చుట్టు మూగిన జనము కడకు పోవుటను, మరల కిటికీకి చేరునప్పటికి ఘోరము జరిగిపోయి యుండుటను చూచినవారికి, ఈ నిగ్రహము ఇరువదియొక సంవత్సరముల నాటిదని బోధపడును.

తుది సాక్ష్యము 1960లో వచ్చిన 'ల త్రూ', అనగా 'కన్నము'. పారిస్‌లోని లా సాంతే చెఱసాలనుండి తప్పించుకొనజూచిన ఖైదీల కథ యిది. 1947లో జరిగిన ప్రయత్నము దీనికి ఆధారము. గదిలోని గచ్చును ఇనుపముక్కతో పగులగొట్టు ఘట్టమును సుమారు నాలుగు నిమిషముల సేపు ఒక్క కోతయు లేకుండ నిలిపిరి. ఒకరి తరువాత నొకరు కొట్టుచుందురు, రాయి పగులును, దుమ్ము లేచును, చప్పుడు మన గుండెలో మ్రోగును. వేటఘట్టమున నాలుగు నిమిషములలో యాబది తునకలు. ఇచ్చట నాలుగు నిమిషములకు ఒక్కటే ఖండము. అచ్చట హింస యొక్క వేగము తెలియవలెను. ఇచ్చట శ్రమ యొక్క భారము తెలియవలెను. కోయగల చేయి కోయకుండుటయు కూర్పే. ఈ చిత్రము విడుదలకు ముందే, 1960 ఫిబ్రవరిలో, బెకర్ మరణించెను. ఆ దశకమున జాఁ పియర్ మోకీ తీసిన చిత్రములు కొన్నింటికి కూడ మార్గరీత్ కూర్పు చేసినది.

ఇక ఆమె పేరిని గూర్చి చెప్పవలసియున్నది. 1930ల దశకమున ఆమె జాఁ రెన్వార్‌తో కలసి జీవించినది. వారికి విధ్యుక్తమైన వివాహము జరుగలేదు. అయినను ఆయన యింటిపేరుతోనే ఆమె వృత్తిలో ప్రసిద్ధురాలైనది. శ్రామికకుటుంబమున పుట్టిన ఈమె సాహచర్యమువలన రెన్వార్ ఆ కాలమున వామపక్షోద్యమములకు దగ్గఱయ్యెనని చరిత్రకారులు వ్రాసిరి. 1939 ప్రాంతమున వా రిరువురు విడిపోయిరి. ఆయన అమెరికాలో వేఱొకరిని వివాహమాడెను. ఆమె ఫ్రాన్సులో నిలిచి, అదే పేరుతో ఇంకను ఇరువది యేండ్లకు పైగా పని చేసెను. దీనిని పరాధీనత యనువారు కొందఱుండవచ్చును. మాకు వేఱుగా తోచుచున్నది. ఆ పేరు చిత్రముల వరుసపై ముద్రింపబడియుండెను. ఆ వరుసలో ఆమె శ్రమ యున్నది. కావున ఆ పేరిలో ఆమెకు భాగమున్నది. వివాహము ఇయ్యనిదానిని వృత్తి ఇచ్చినది. అయితే ఫలితమేమి? 'రెన్వార్' అనగానే లోకమునకు స్ఫురించువా డొక్కడే. ఆమె పనిని ఆ పేరు ఎంత కాపాడినదో అంతయు కప్పివేసినది కూడ.

దర్శకుని కీర్తిని తగ్గించుట మా యుద్దేశము కాదు. 'పల్లెవిహారము' రెన్వార్ చిత్రమే. 'కన్నము' బెకర్ చిత్రమే. ఒకరి కిచ్చిన గౌరవము మఱియొకరినుండి హరించినదే కానక్కఱలేదు. మేము కోరునది విమర్శలో లెక్క సరిగా నుండవలెనని మాత్రమే. ఇంట శ్రమకు లెక్క లేదు, కార్ఖానాలో స్త్రీ కూలికి సరియైన లెక్క లేదు అని వాదించు సంస్కారప్రియులు, కళావిషయమున ఆ లెక్కను మఱచుట తగదు. చిత్రము తుదిని గాని మొదటను గాని పేర్లు వచ్చునపుడు కుర్చీలు కదల్చుకొనుట మన యలవాటు. ఇకమీద కూర్పు అను మాట వచ్చువఱకు కూర్చుండుదము. దాని యెదుట నున్న పేరు చదువుదము. ఆ పేరెవ్వరిదో తెలిసికొని తరువాతి చిత్రమున మరల వెదకుట నేర్చినపుడే, చిత్రములను చూచుట నిజముగ నేర్చినవార మగుదుము.